సల్లపెట్టెకు సెల్లులు

మా పక్కింటి అన్న కువైట్‌లో ఒక షేక్ ఇంట్లో డ్రైవరు. రెండేళ్లకోసారి సెలవు మీద ధర్మవరం వచ్చేవాడు. ఎనభైల మధ్యలో ఒక ఎండాకాలం అలా వచ్చినప్పుడు వీధిలో అందరికీ సబ్బులూ సెంటు సీసాలూ పంచి, మా అత్తకు మాత్రం ఒక తెల్లటి పెట్టె తెచ్చిచ్చాడు. వాళ్లావిడకు మొదటి కాన్పు కష్టమైన రోజున మా అత్త జట్కాలో ఆమె తల ఒళ్లో పెట్టుకుని ఆసుపత్రికి తీసుకుపోయిందట. అప్పటినుంచీ ఆయన అత్తను పెద్దమ్మా అనే పిలిచేవాడు. అలాంటి మనిషికి ఒక సబ్బు చేతిలో పెట్టి ఊరుకోవడానికి ఆయనకు మనసొప్పలేదు.

పెట్టె అరచేతికంటే కొంచెం పెద్దది. ముందు వైపు చిన్న అద్దం, అద్దంలో నల్లటి అంకెలు, కింద రెండు మీటలు. ఒక మీట మీద పైకి బాణం, ఇంకోదాని మీద కిందికి బాణం.

"ఏంది కొడకా ఇది? గడియారమా?" అంది అత్త.

"గడియారం కాదు పెద్దమ్మా. షేక్ ఇంట్లో గోడకుండె. కొత్తది పెట్టుకుని దీన్ని పారేస్తాంటే నేను అడిగి తెచ్చినా. ఆయప్ప కింది మీట నొక్కుతానే ఇల్లంతా సల్లగయ్యేది. బయట నిప్పులు కురుస్తాన్నా లోపల కంబళ్లు కప్పుకునేవాళ్లు."

"మీట నొక్కితేనా?"

"నా కండ్లతో సూసినా. ఈడ ఎట్లుంటాదో మాత్రం నాకు తెలీదు."

ఆ చివరి మాట మా అత్త చెవిన వేసుకోలేదు. అప్పటికే పెట్టెను కొంగుతో తుడుస్తూ లోపలికి నడిచింది.

నాకప్పటికి పెళ్లయి రెండో ఏడు. పుట్టిల్లు గోరంట్ల. పదో తరగతి దాకా చదివాను గానీ అత్తింట్లో ఆ చదువుతో ఎవరికీ పనిలేదు. మా మామా, మా ఆయనా చెరో గుంటమగ్గం మీద పట్టుచీరలు నేసేవాళ్లు. అత్తా నేనూ దారం చుట్టేవాళ్లం. మగ్గాల గది పైన బండల మిద్దె. మార్చి దాటితే చాలు, మధ్యాహ్నానికి ఆ బండలు పెనంలా కాగేవి. ఫ్యాను పెడదామంటే మామ ఒప్పుకునేవాడు కాదు, గాలికి పట్టుపోగులు చెదిరిపోతాయని. ఆయనకేం, కాళ్లు మగ్గం గుంటలో ఉండేవి. ఆ గుంట ఎప్పుడూ చల్లగానే ఉంటుంది. ఉడికిపోయేది గట్టుమీద కూచున్న మేమిద్దరం.

ఆ సాయంత్రమే మా ఆయన గోడకు మేకు కొట్టి పెట్టెను తగిలించాడు. అద్దంలో ముప్పై ఎనిమిది అని కనబడింది. అత్త కింది మీటను ఒక్కసారి కాదు, ఆగకుండా నొక్కింది. అంకెలు దిగుతూ దిగుతూ ఇరవై దగ్గరికొచ్చాయి. పెట్టె లోపల 'టక్' మని చప్పుడైంది.

అత్త చెయ్యి ఎత్తి మమ్మల్నందరినీ ఊపిరి కూడా తీసుకోవద్దన్నట్టు ఆపింది.

"ఇన్నారా? పట్టుకుండాది."

"ఏం పట్టుకుండాదే?" అన్నాడు మామ, మగ్గం ఆపకుండానే.

"సల్లదనం."

నాలుగు క్షణాలు గడిచాయో లేదో అద్దంలో ఇరవై పోయి మళ్లీ ముప్పై ఎనిమిది వచ్చింది. నాకు నవ్వొచ్చి తల వంచుకున్నాను. అత్త మాత్రం కొంచెం కూడా తగ్గలేదు. "ఇరవై కావాలని మనం సెప్పినాం. ఇప్పుడు ముప్పై ఎనిమిదుండాదని అది సెప్తాంది. పని జెయ్యడానికి టైం ఇయ్యద్దా?" అంది. పొద్దు వాలాక చూస్తే ముప్పై నాలుగు.

"నాలుగు దించింది!" అని అత్త వంటింట్లోంచి గరిటెతో సహా పరిగెత్తుకొచ్చింది.

"పొద్దు దిగిందే, పెట్టె కాదు దించింది," అన్నాడు మామ.

"పొద్దు రోజూ దిగతాది. ఎంత దిగిందో ఎప్పుడన్నా సెప్పిందా?"

మామ మళ్లీ మగ్గం మీదికి వంగాడు. నేను పోయి అంకె ఇంకోసారి చూసొచ్చాను.

వారం తిరిగేసరికి ఆ పెట్టెకు వీధిలో సల్లపెట్టె అని పేరొచ్చింది. మధ్యాహ్నం అన్నాలు తినగానే చుట్టుపక్కల ఆడవాళ్లు మా మగ్గాల గదిలో చేరేవాళ్లు. అత్త గోడ కింద చాప వేసేది. పెట్టెకు దగ్గరగా ఎవరు కూర్చోవాలన్న దాని మీద చిన్న చిన్న తగాదాలు కూడా అయ్యాయి. అరగంటకోసారి అంకె చదవడం నా పని. అత్తకు అంకెలు రాక కాదు, దూరంగా చాప మీద పడుకుని "మే, ఎంతుండాది?" అని అడిగి చెప్పించుకోవడంలో ఒక దర్జా ఉంది. నేను లేచి నిలబడి "ముప్పై తొమ్మిది" అనేదాన్ని. అందరూ "అబ్బా" అనేవాళ్లు. ఆ ఇంట్లో నేను నోరు విప్పితే పదిమంది వినడం అదే మొదలు. నా పదో తరగతి అందుకైనా పనికొచ్చిందని లోపల లోపల సంతోషంగా ఉండేది.

ఒక రోజు బత్తలపల్లె నుంచి ఎవరింటికో చుట్టపుచూపుగా వచ్చిన ముసలామె చేతిలో చెంబుతో మా గడపలో నిలబడింది. వాళ్ల ఇంట్లో మజ్జిగను సల్ల అంటారు. "సల్లపెట్టె మీ ఇంట్లోనేనా మ్మా? రోంత సల్ల పోస్తారా?" అంది. విషయం చెబితే ఆమె పెట్టె వైపు అనుమానంగా చూసి, "దాంట్లో యాడ పడతాదిలే," అంది. అత్త ఆమెకు నిజం మజ్జిగే పోసి పంపింది. ఆమె అక్కడే కూచుని తాగి, "అవునబ్బా, మీ ఇంట్లో సల్లగనే ఉండాది," అని వెళ్లింది. ఆ ముక్క అత్త నెల రోజులు చెప్పుకుంది.

కత్తెర ఎండలు మొదలైన రోజుల్లో పెట్టెకు జబ్బు చేసింది. అంకెలు పాలిపోయాయి. వాటి పక్కన ఒక చిన్న సీసా లాంటి బొమ్మ వెలుగుతూ ఆరుతూ కనిపించింది.

"నూనె అడుగుతాంది," అంది అత్త. "కుట్టుమిషనుకు ఎయ్యమా, మగ్గానికి ఎయ్యమా? దీనికీ కావాల."

నేను వంటింట్లోంచి వచ్చేసరికి ఆముదం గిన్నె ఒక చేత్తో, కోడి ఈక ఒక చేత్తో పట్టుకుని స్టూలెక్కి ఉంది. నేను గట్టిగా అరిచాను. అత్త మీద గొంతెత్తడం కూడా నాకదే మొదటిసారి. "అత్తా, అది నూనె సీసా కాదు! టార్చిలో ఉంటాది చూడు, సెల్లు, ఆ బొమ్మ! సెల్లులు అయిపోయినాయి!"

అత్త స్టూలు మీదే ఆగిపోయి నన్నూ, ఆముదాన్నీ మార్చి మార్చి చూసింది. తర్వాత మెల్లగా దిగి, "ఇంత సదువుకుండావు, ముందే సెప్పొద్దా?" అంది.

మా ఆయన పెట్టెను దించి వెనక మూత తీశాడు. లోపల రెండు సన్నటి సెల్లులు, చిటికెనవేలంత. అద్దం అప్పటికే ఖాళీ అయింది. అంకె మాయమైన మరుక్షణం నుంచి అత్తకు చెమటలు పట్టడం మొదలైంది. "సూడు, సూడు, ఎట్ల కాగుతాందో ఇల్లు," అని విసనకర్ర అందుకుంది. చాప మీది ఆడవాళ్లందరూ కొంగులతో విసురుకోవడం మొదలుపెట్టారు. నేను కూడా విసురుకున్నాను. నవ్వుకుంటూనే విసురుకున్నాను, కానీ నిజంగానే ఉక్కగా అనిపించింది.

మా ఆయన సైకిలేసుకుని బజారంతా తిరిగాడు. ఎక్కడ అడిగినా లావు సెల్లులే, టార్చిలో వేసేవి. సన్న సెల్లులు కావాలంటే అనంతపురం పోవాలన్నారు. చీర మగ్గం మీద సగంలో ఉంది, మామ కదలనివ్వడు. అప్పుడు అత్తకు వీధి మొదట్లో ఉన్న డాక్టరు గుర్తొచ్చాడు. ఆయన గొంతులు చూడ్డానికి జేబులో పెన్నులాంటి టార్చి పెట్టుకునేవాడు.

"పదమే. నాకు గొంతునొప్పి," అంది.

"ఎప్పట్నుంచి అత్తా?"

"ఇప్పట్నుంచే."

దారిలో నాకు పని అప్పజెప్పింది. డాక్టరును తను మాటల్లో పెడుతుంది, ఆ టార్చి ఎలాగో నా చేతికి వస్తుంది, నేను మూత తిప్పి లోపలి సెల్లులు మన పెట్టెలోవాటంత ఉన్నాయో లేదో చూడాలి. సరిపోతాయని తెలిస్తే అప్పుడు మర్యాదగా అడుగుదాం అంది. ముందే మర్యాదగా అడగొచ్చు కదా అని నాకు తోచింది గానీ అనే ధైర్యం చాల్లేదు.

డాక్టరు పెద్దమనిషి, నిదానస్తుడు. అత్త నోరు తెరిచింది. ఆయన టార్చి వేసి చూశాడు.

"ఏమీ ఎర్రగ లేదే మ్మా."

"బాగ సూడప్పా. లోపలికుండాది."

"లోపల కూడా బాగానే ఉండాది."

"ఆ దీపం ఇట్లియ్యి, నేనే సూసుకుంటా."

"నీ గొంతు నువ్వెట్ల సూసుకుంటావమ్మా?"

"నా కోడలు సూస్తాది. పదో తరగతి."

డాక్టరు ఏమనుకున్నాడో, టార్చి నా చేతికిచ్చాడు. అత్త "ఆ…" అని నోరు తెరిచి, కళ్లతో నాకు సైగలు చేస్తోంది. నేను డాక్టరుకు వీపు పెట్టి మూత తిప్పాను. మూత ఊడింది. సెల్లులు రెండూ జారి బండల మీద పడి, చప్పుడు చేసుకుంటూ దొర్లి, సూదులు మరిగించే బల్ల కిందికి పోయాయి.

అత్త నోరు అలాగే తెరిచి ఉంది. డాక్టరు వంగి బల్ల కిందికి చూశాడు, మళ్లీ నిలబడి నా వైపు చూశాడు.

"గొంతు సూడ్డానికి సెల్లులు యాల తీసినావు మ్మా?"

నాకు ఏడుపొచ్చింది. ఉన్నదంతా చెప్పేశాను. ఆముదం సంగతి కూడా చెప్పాను. అది చెప్పక్కర్లేదని అత్త ఆ తర్వాత నన్ను చాలాసార్లు తిట్టింది.

డాక్టరు కోప్పడలేదు. మోకాళ్ల మీద కూచుని బల్ల కిందినుంచి సెల్లులు ఏరుకుని, "పదండి, ఆ పెట్టెను నేనూ సూస్తా," అని మా వెంట వచ్చాడు. సెల్లులు సరిగ్గా సరిపోయాయి. అద్దంలో నలభై ఒకటి వచ్చింది. అత్త మీట నొక్కింది, టక్ మంది. డాక్టరు చాప మీద కూచుని, చొక్కా పైగుండీ తీసి, కాసేపు కళ్లు మూసుకున్నాడు.

"కొంచెం తేడా ఉండాదమ్మా," అన్నాడు.

ఇంగ్లీషు వైద్యం చేసే మనిషే ఆ మాట అన్నాక మామ కూడా మగ్గం ఆపి పెట్టె వైపు ఒకసారి చూశాడు.

మధ్యాహ్నం ఒంటిగంట నుంచి మూడు దాకా డాక్టరు దగ్గరికి ఎవరూ రారు. ఆ రెండు గంటలూ సెల్లులు మాకు ఇచ్చేట్టు, మూడయ్యేసరికి మేం తిరిగి ఇచ్చేట్టు ఒప్పందమైంది. రోజూ నేనే వెళ్లి తెచ్చేదాన్ని, నేనే ఇచ్చి వచ్చేదాన్ని. నాలుగు రోజులు సజావుగా సాగింది. ఐదో రోజు రెండింటికి ఒక హమాలీ గొంతులో చేపముల్లు గుచ్చుకుని డాక్టరు దగ్గరికొచ్చాడు. డాక్టరు టార్చి తీసి నొక్కితే వెలగలేదు. ఆయన హమాలీ చెయ్యి పట్టుకుని మా ఇంటికి పరిగెత్తుకొచ్చాడు.

"తియ్యి మ్మా, తొందరగా తియ్యి!"

నేను స్టూలెక్కి పెట్టె మూత తీసి సెల్లులు ఇచ్చాను. హమాలీని పెట్టె కిందే కూర్చోబెట్టి, ఇరవైమంది ఆడవాళ్లు మెడలు చాచి చూస్తుండగా డాక్టరు శ్రావణంతో ముల్లు లాగాడు. ముల్లు బయటికి రాగానే అందరూ హమ్మయ్య అన్నారు. హమాలీ కళ్లు తుడుచుకుని చుట్టూ చూసి మొదట అన్న మాట: "ఈ ఇల్లేందబ్బా ఇంత ఉడుకుండాది?"

"సెల్లులు తీసినాం గదా నాయనా," అంది అత్త, ఎంతో ఓపికగా.

డాక్టరు ఆ రోజుతో సెల్లులివ్వడం మానేశాడు. ఆయన్ను తప్పు పట్టడానికి లేదు.

ఇక మా ఆయన రంగంలోకి దిగాడు. లావు సెల్లులు రెండు తెచ్చాడు. అవి పెట్టెలో పట్టవు కాబట్టి వాటిని ఒకదాని మీద ఒకటి నిలబెట్టి సైకిలు ట్యూబు రబ్బరుతో కట్టి, పెట్టె కింద గోడకు వేలాడదీశాడు. వాటి నుంచి పెట్టె లోపలికి తీగ కావాలి. ఇంట్లో తీగ లేదు. ఉన్నది జరీ. వెండిపోగు జరీ, చీర అంచుకు వాడేది. రెండు బారలు తుంచి, ఒక్కోదాన్ని మెలిపెట్టి సెల్లుల చెరో కొసకు కలిపాడు. అద్దంలో ఏమీ రాలేదు.

"బొడిపె పైకుండాల్నేమో," అంది అత్త.

"పైకే ఉండాది."

"అయితే కిందికి పెట్టు."

తిప్పి కట్టాడు. అంకెలు తేలాయి, ముందుకంటే నల్లగా: నలభై రెండు. గదిలో చప్పట్లు మోగాయి. మామ అప్పుడే మగ్గం గుంటలోంచి తలెత్తి, గోడ మీద తళతళలాడుతున్న జరీని చూశాడు. ఆయన ముఖం ఇప్పటికీ నా కళ్లకు కట్టినట్టుంది.

"ఒరే, పెండ్లికూతురు కొంగులో ఉండాల్సిన జరీరా అది!"

"నాయనా, రెండు బారలే."

"రెండు బారలు గోడకు కట్టినావా? గోడకేమన్నా పెండ్లా?"

రెండు రోజులు ఆయన కొడుకుతో మాట్లాడలేదు. జరీ మాత్రం అలాగే ఉంది. వీధిలో మా గోడకు ఇంకా పేరొచ్చింది.

ఇదంతా నడుస్తుండగా అత్తకు అసలైన సన్న సెల్లులు తెప్పించాలన్న పట్టుదల పోలేదు. ఆ రోజుల్లో కువైట్‌కు ఉత్తరాలకు బదులు క్యాసెట్లు వెళ్లేవి. పక్కింటి అన్న సెలవు ముగించుకుని ఎప్పుడో వెళ్లిపోయాడు. ఆయన భార్య టేప్‌రికార్డరు ముందు కూచుని కబుర్లన్నీ చెప్పి, చివర్లో అత్తకు అవకాశమిచ్చింది. అత్త కువైట్ దాకా వినబడాలి కదా అన్నట్టు నోటికి రెండు చేతులూ అడ్డం పెట్టుకుని అరిచింది: "కొడకా! పెట్టెకు సెల్లులు అయిపోయినాయి! సన్నవి! సన్నవి పంపీ!"

ఇరవై రోజులకు జవాబు క్యాసెట్టు వచ్చింది. మధ్యాహ్నం సభలోనే అందరి ముందూ పెట్టారు. భార్య ఆరోగ్యం, పిల్లల చదువూ అడిగాక ఆయన గొంతు కొంచెం తగ్గింది. "పెద్దమ్మా, నన్ను తిట్టొద్దు. మొన్న ఈడ మిషను రిపేరు చేసేదానికి మనిషి వచ్చినాడు. ఆయప్పను అడిగినా. సల్లగ చేసే మిషను మిద్దె మీద ఉంటాదంట, మంచమంత. గోడమీదిది దానికి సెప్పేది మాత్రమేనంట. మిషను లేకుండా అదొక్కటే ఉంటే ఏమీ కాదంట. నేను తెలీక ఇచ్చినా. సెల్లులు అయితే ఎవురైనా వచ్చేటప్పుడు పంపుతా."

క్యాసెట్టు గిర్రున తిరుగుతూనే ఉంది. అందరూ అత్త వైపు చూశారు. ఆయన భార్య అయితే ముఖం చెల్లక చాప చివర్లు మెలిపెడుతోంది. నాకు అత్తను చూస్తే మొదటిసారి జాలేసింది.

అత్త గోడవైపు చూసింది, మిద్దెవైపు చూసింది.

"దీని పని సెప్పేదేనంట," అంది. "అది సెప్తానే ఉండాది గదా పాపం. వినేవాళ్లు లేకపోతే దాని తప్పా?"

ముందు నవ్వింది పక్కింటామె. తర్వాత అందరం. మామ మగ్గం మీద తల ఆనించి నవ్వాడు. అత్త మొదట గుర్రుగా చూసింది గానీ కాసేపటికి ఆమె కూడా పైట నోట్లో కుక్కుకుంది.

రెండు రోజులు మధ్యాహ్నాలు ఎవరూ రాలేదు. మూడో రోజు ఒకామె దారం చుట్టుకునే సాకుతో వచ్చింది. వారానికి చాప నిండింది. చల్లదనం కోసమని ఎవరూ అనలేదు, ఎందుకొచ్చారని ఎవరూ అడగలేదు. అరగంటకోసారి నేను లేచి అంకె చదువుతూనే ఉన్నాను. ఈసారి నలభై మూడని చెబితే అందరూ అది తామే సాధించినట్టు గర్వపడేవాళ్లు.

ఒక మధ్యాహ్నం నేను చాప మీద కునుకు తీస్తుంటే మగ్గం చప్పుడు ఆగింది. కళ్లు సగం తెరిచి చూశాను. మామ గుంటలోంచి లేచి, అందరూ నిద్రపోతున్నారని నిర్ధారించుకుని, గోడ దగ్గరికెళ్లి కింది మీటను పదిసార్లు నొక్కాడు. టక్ మంది. పంచెతో మెడ తుడుచుకుని, తృప్తిగా ఊపిరి వదిలి, తిరిగి చూశాడు. నా కళ్లు ఆయన కళ్లకు దొరికిపోయాయి.

"దుమ్ము పట్టింటే తుడ్సినా," అన్నాడు.

"సరే మామా," అన్నాను.

ఆ ఏడు దసరాకు ఇంటికి సున్నం కొట్టించాం. సున్నం కొట్టే అతను మమ్మల్నెవరినీ అడగకుండా మేకునూ, పెట్టెనూ, సెల్లులనూ, జరీనీ కలిపి గోడతో పాటే రెండు పూతలు పూసేశాడు. అద్దం మీద కూడా. అత్త చూసి కాసేపు నడుము మీద చేతులు పెట్టుకుని నిలబడింది. ఆ వారమే మా ఆయన, మగ్గాలకు గాలి తగలని మూల చూసి, చిన్న టేబుల్ ఫ్యాను కొనుక్కొచ్చాడు. ఈసారి మామే దాన్ని ఎత్తుకెళ్లి ఆ మూలలో పెట్టాడు. అత్త ఫ్యాను ముందు కూచుని, రెక్కల్లోకి నోరు పెట్టి "ఆ…" అని అని, గొంతు వణికినట్టు వినపడితే చిన్నపిల్లలా నవ్వింది. నన్ను కూడా రమ్మని పక్కన చోటిచ్చింది. ఇద్దరం సాయంత్రం దాకా అలా అంటూనే కూచున్నాం.